అమెరికాలో అబార్షన్: రాష్ట్రానికో చట్టం ఎందుకు? ఆ హక్కు తాళంచెవి ఎవరి చేతిలో ఉంది?

టెనెసీ, వర్జీనియా రాష్ట్రాల సరిహద్దులో బ్రిస్టల్ అనే ఊరుంది. చూడ్డానికి ఒకటే ఊరు, మునిసిపాలిటీలు మాత్రం రెండు. నడిబజారులో స్టేట్ స్ట్రీట్ అనే వీధి ఉంది. రెండు రాష్ట్రాల గీత సరిగ్గా ఆ రోడ్డు మధ్యలోంచి పోతుంది. గీత ఎక్కడుందో తెలియడానికి రోడ్డులో ఇత్తడి బిళ్లలు కూడా దిగేశారు. ఒకవైపు కొట్లు టెనెసీవి, ఎదురుగా ఉన్నవి వర్జీనియావి.

2022 ఆగస్టులో టెనెసీలో అబార్షన్ మీద దాదాపు సంపూర్ణ నిషేధం అమల్లోకి వచ్చింది. అటువైపు పనిచేస్తున్న క్లినిక్ మూతపడింది. సుమారు మైలు దూరంలో, గీతకు ఇవతల, వర్జీనియా గడ్డమీద కొత్త క్లినిక్ తెరుచుకుంది. టెనెసీలో చేస్తే డాక్టరుకు 3 నుంచి 15 ఏళ్ల జైలు పడే పని, వర్జీనియాలో మామూలు వైద్యం.

ఒకే దేశం, ఒకే సుప్రీంకోర్టు. అయినా వీధి దాటితే నేరం కాస్తా వైద్యమైపోవడం ఎలా సాధ్యం? డాలస్‌లోనో అట్లాంటాలోనో కూతురో కోడలో ఉన్న తెలుగు ఇళ్లలో కూడా ఈ ప్రశ్న వినిపిస్తోంది. ఒక్కో ముడీ విప్పుకుంటూ వెళ్దాం.

అసలు ఇది రాష్ట్రాల పని ఎందుకైంది?

మన దగ్గర గర్భవిచ్ఛిత్తికి 1971లో పార్లమెంటు చేసిన చట్టం ఉంది. 2021లో సవరించి, కొన్ని వర్గాల స్త్రీలకు గడువును 24 వారాలకు పెంచారు. గుంటూరులోనైనా వరంగల్‌లోనైనా చూసేది ఆ చట్టమే. పైగా మన రాజ్యాంగం ప్రకారం ఏ జాబితాలోనూ లేని అంశం కేంద్రానికి పోతుంది.

అమెరికాలో లెక్క తలకిందులు. 1791లో చేరిన 10వ సవరణ ప్రకారం, కేంద్రానికి ప్రత్యేకంగా ఇవ్వని అధికారమంతా రాష్ట్రాలదీ ప్రజలదీ. హత్యకు శిక్ష ఎంతో, పెళ్లికి వయసెంతో, డాక్టరుకు లైసెన్సు ఎవరివ్వాలో తేల్చేది ప్రధానంగా రాష్ట్రమే. అబార్షన్ అటు నేరచట్టానికీ ఇటు వైద్యానికీ సంబంధించిన సంగతి కాబట్టి, పైనుంచి ఎవరూ అడ్డుచెప్పకపోతే అది రాష్ట్రాల చేతికే పోతుంది.

ఇంకో తేడా కూడా ఉంది. మన రాష్ట్రాలకు సొంత రాజ్యాంగాలు లేవు. అమెరికాలో 50 రాష్ట్రాలకూ 50 రాజ్యాంగాలున్నాయి. మసాచుసెట్స్ రాజ్యాంగమైతే 1780 నాటిది, దేశ రాజ్యాంగం కంటే పాతది. దేశ రాజ్యాంగం ఇచ్చే హక్కుల్ని ఏ రాష్ట్రమూ తగ్గించలేదు, అంతకంటే ఎక్కువ మాత్రం ఇవ్వొచ్చు. ఈ కథంతా నడిచేది ఈ ఒక్క సూత్రం మీదే.

మరి యాభై ఏళ్లపాటు దేశమంతా ఒకే నియమం ఎలా నడిచింది?

పైనుంచి అడ్డుచెప్పిన తీర్పు ఒకటి ఉండేది కాబట్టి. 1973 జనవరి 22న, టెక్సస్ చట్టం మీద వచ్చిన రో వర్సెస్ వేడ్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు 7-2తో తీర్పు చెప్పింది. 14వ సవరణ కాపాడే స్వేచ్ఛలో ఏకాంత హక్కు ఉందనీ, గర్భం ఉంచుకోవాలా వద్దా అన్న నిర్ణయం అందులో భాగమనీ కోర్టు అంది. 1992లో పెన్సిల్వేనియా నుంచి వచ్చిన కేసీ కేసు ఆ హక్కును నిలబెడుతూనే కాస్త సడలించింది. శిశువు తల్లి గర్భం బయట బతకగలిగే దశ, అంటే ఇంచుమించు 24 వారాల దాకా రాష్ట్రాలు నిషేధించకూడదు. షరతులు పెట్టొచ్చు గానీ అవి స్త్రీ మీద మోయలేని భారం కాకూడదు.

మిసిసిపి 2018లో 15 వారాల తర్వాత నిషేధిస్తూ చట్టం చేసింది. అప్పటికి ఆ రాష్ట్రంలో అబార్షన్ చేసే క్లినిక్ ఒక్కటే ఉండేది, రాజధాని జాక్సన్‌లో. ఆ క్లినిక్ వేసిన కేసే డాబ్స్ కేసుగా సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. 2022 జూన్ 24న తీర్పు వచ్చింది. మిసిసిపి చట్టాన్ని ఆరుగురు న్యాయమూర్తులు సమర్థించారు, వారిలో ఐదుగురు రో, కేసీ రెండింటినీ కొట్టేశారు. దేశ రాజ్యాంగంలో అబార్షన్ హక్కు లేదనీ, తేల్చుకోవాల్సింది ప్రజలూ వాళ్లు ఎన్నుకున్న ప్రతినిధులేననీ జస్టిస్ శామ్యూల్ అలిటో రాశారు.

గమనించాల్సింది ఏమిటంటే, ఈ తీర్పు అబార్షన్‌ను నిషేధించలేదు. అనుమతించనూ లేదు. పైనున్న అడ్డు తీసేసింది, అంతే.

తీర్పు వచ్చిన రోజే నిషేధాలు ఎలా వచ్చిపడ్డాయి?

ముందే రాసి పెట్టుకున్నారు. రో తీర్పు పోయిన మరుక్షణం అమల్లోకి వచ్చేలా 13 రాష్ట్రాలు చట్టాలు చేసి సిద్ధంగా ఉంచుకున్నాయి. వాటిని ట్రిగ్గర్ చట్టాలంటారు. కెంటకీ, లూసియానా, సౌత్ డకోటాల్లో తీర్పుతోనే నిషేధం మొదలైంది. టెక్సస్, టెనెసీ లాంటి చోట్ల నెల గడువు తర్వాత వచ్చింది.

మరికొన్ని చోట్ల ఎవరూ రద్దు చేయకుండా వదిలేసిన పాత చట్టాలు లేచి కూర్చున్నాయి. విస్కాన్సిన్‌లో 1849 నాటి చట్టం అలాంటిదే. చట్టపుస్తకంలో అది ఉండటంతోనే అక్కడి క్లినిక్‌లు ఏడాదికి పైగా అబార్షన్లు ఆపేశాయి. 2025 జులైలో రాష్ట్ర సుప్రీంకోర్టు 4-3తో, తర్వాత వచ్చిన చట్టాల వల్ల అది ఎప్పుడో చెల్లిపోయిందని తేల్చింది. అరిజోనాలో 1864 నాటి చట్టం ఇంకా విచిత్రం. అరిజోనా రాష్ట్రంగా ఏర్పడిందే 1912లో. రాష్ట్రం పుట్టకముందు రాసిన చట్టం చెల్లుతుందని 2024 ఏప్రిల్‌లో కోర్టు అంటే, మే నెలలో చట్టసభ దాన్ని రద్దు చేసింది, నవంబరులో ప్రజలు ఏకంగా రాజ్యాంగాన్నే సవరించారు.

ఇప్పుడు పటం చూస్తే డజను పైచిలుకు రాష్ట్రాల్లో దాదాపు సంపూర్ణ నిషేధం ఉంది. ఫ్లోరిడా, జార్జియా, సౌత్ కరోలినా, అయోవాల్లో గడువు ఆరు వారాలు. నెబ్రాస్కా, నార్త్ కరోలినాల్లో పన్నెండు. కాలిఫోర్నియా, న్యూయార్క్ లాంటి చోట్ల శిశువు బయట బతకగలిగే దశ దాకా. కొలరాడో, న్యూజెర్సీ, ఓరెగన్‌లలో చట్టం గడువే పెట్టలేదు.

ఆరు వారాలంటే నిజంగా ఎంత సమయం?

నెలన్నర అనుకుంటాం. కాదు. గర్భం వయసును డాక్టర్లు చివరి నెలసరి మొదటి రోజు నుంచి లెక్కకడతారు, గర్భం నిలిచిన రోజు నుంచి కాదు. 28 రోజుల క్రమం తప్పని స్త్రీకి ఒకటో తారీఖున నెలసరి వచ్చిందనుకుందాం. గర్భం నిలిచేది సుమారు రెండు వారాలకు. తర్వాతి నెలసరి రాలేదని తెలిసేసరికి 29వ రోజు, అంటే లెక్కలో నాలుగు వారాలు అప్పటికే అయిపోయాయి. మిగిలింది రెండే వారాలు. ఆ రెండు వారాల్లోనే పరీక్ష చేసుకోవాలి, ఆలోచించుకోవాలి, అపాయింట్‌మెంట్ దొరకాలి. ఫ్లోరిడాలోనైతే మొదటిసారి క్లినిక్‌కు వెళ్లాక 24 గంటలు ఆగి రెండోసారి వెళ్లాలి. నెలసరి క్రమంగా రాని స్త్రీకి విషయం తెలిసేసరికే గడువు దాటిపోవచ్చు.

దేశ రాజ్యాంగం కాపాడనప్పుడు రాష్ట్ర రాజ్యాంగం ఎలా కాపాడుతుంది?

కాన్సాస్ చూడండి. రాజకీయంగా సంప్రదాయవాదుల కోట. దాని రాజ్యాంగం 1859లో రాసింది. అందులో అబార్షన్ అనే మాటే లేదు. అందరికీ విడదీయరాని సహజ హక్కులున్నాయని మొదటి సెక్షన్ చెబుతుంది. తన శరీరం మీద తనకుండే అధికారం ఆ సహజ హక్కుల్లోనిదేనని, అందులో అబార్షన్ నిర్ణయం కూడా ఉందని 2019లో రాష్ట్ర సుప్రీంకోర్టు అంది. ఇది రాష్ట్ర రాజ్యాంగం మీద ఆధారపడిన తీర్పు, అందుకే డాబ్స్ దాన్ని తాకలేకపోయింది. దాన్ని తిప్పికొట్టడానికి పెట్టిన సవరణను 2022 ఆగస్టు 2న జనం సుమారు 59 శాతం ఓట్లతో తోసిపుచ్చారు.

మోంటానా 1972 రాజ్యాంగంలో ఏకాంత హక్కు స్పష్టంగా రాసి ఉంది. 1999లో అక్కడి కోర్టు అబార్షన్‌ను దాని కిందికే తెచ్చింది.

వయోమింగ్ కథ మరీ చిత్రం. ఒబామా ఆరోగ్య బీమా చట్టం మీద కోపంతో, తమ వైద్యం తామే నిర్ణయించుకునే హక్కు పెద్దలందరికీ ఉందని 2012లో అక్కడి జనం రాజ్యాంగంలో చేర్చుకున్నారు. పదేళ్లు తిరిగేసరికి అబార్షన్ నిషేధానికి వ్యతిరేకంగా లాయర్లు చేతపట్టుకున్నది ఆ వాక్యాన్నే. 2024లో జిల్లా జడ్జి, 2026 జనవరిలో రాష్ట్ర సుప్రీంకోర్టు ఆ నిషేధాలు చెల్లవన్నారు.

తలుపు మూసిన రాష్ట్రాలూ ఉన్నాయి. టెనెసీ కోర్టు 2000లో తమ రాజ్యాంగం ఈ హక్కును కాపాడుతుందని చెబితే, 2014లో సవరణ తెచ్చి ఆ దారి మూసేశారు. అలబామా, వెస్ట్ వర్జీనియా 2018లో, లూసియానా 2020లో అదే పని చేశాయి. రో తీర్పు బతికి ఉండగానే.

అవే మాటలున్నా తీర్పులు ఎందుకు తారుమారవుతున్నాయి?

చదివే న్యాయమూర్తులు మారతారు కాబట్టి. ఫ్లోరిడా ప్రజలు 1980లో ఏకాంత హక్కును రాజ్యాంగంలో రాసుకున్నారు. అది అబార్షన్‌కు వర్తిస్తుందని 1989లో కోర్టు అంది. 2024 ఏప్రిల్ 1న, ఒక్క అక్షరం మారని అదే వాక్యాన్ని చదివి, వర్తించదని అదే కోర్టు అంది. అయోవా కోర్టు 2018లో హక్కు ఉందని, 2022లో లేదని చెప్పింది.

సౌత్ కరోలినాలో ఇంత కాలం కూడా పట్టలేదు. 2023 జనవరిలో ఆరు వారాల చట్టాన్ని కోర్టు 3-2తో కొట్టేసింది. ఆ ప్రధాన తీర్పు రాసిన న్యాయమూర్తి రిటైరయ్యారు. చట్టసభ ఆ చట్టాన్నే కాస్త మార్చి మళ్లీ చేసింది. ఆగస్టులో అదే కోర్టు 4-1తో సమర్థించింది. అక్కడ న్యాయమూర్తుల్ని ఎన్నుకునేదీ చట్టసభే. విస్కాన్సిన్‌లో వాళ్లను ఎన్నుకునేది ప్రజలు. 2023 ఏప్రిల్‌లో అక్కడ ఒక్క జడ్జి పదవికి జరిగిన ఎన్నిక అబార్షన్ మీద ఓటింగులాగే నడిచింది. ఫ్లోరిడాలో నియమించేది గవర్నరు. జడ్జిని ఎవరు కూర్చోబెడతారన్నది కూడా హక్కులో భాగమైపోయింది.

ప్రజలే నేరుగా ఓటేసి తేల్చుకోవచ్చు కదా?

సగానికి తక్కువ రాష్ట్రాల్లోనే ఆ వీలుంది. సంతకాలు సేకరించి రాజ్యాంగ సవరణను బ్యాలెట్ మీద పెట్టే హక్కు మిషిగన్, ఒహాయో, మిజోరి వాసులకుంది. టెక్సస్, జార్జియా వాసులకు లేదు. అక్కడ సవరణ ప్రతిపాదన చట్టసభ గడప దాటి రావాల్సిందే. వర్జీనియాలోనైతే చట్టసభ ఒకసారి ఆమోదించాలి, మధ్యలో ఎన్నికలు జరగాలి, కొత్త సభ మళ్లీ ఆమోదించాలి, ఆ తర్వాతే ప్రజల ఓటు. నెవాడాలో ప్రజలే రెండుసార్లు అవుననాలి. 2024లో ఒకసారి అన్నారు, రెండోసారి 2026 నవంబరులో.

వీలున్న చోట కూడా ఎన్ని ఓట్లు కావాలన్నది ఒక్కో రాష్ట్రానికి ఒక్కోలా ఉంటుంది. మిషిగన్‌లో 2022లో సుమారు 57 శాతం, ఒహాయోలో 2023లో సుమారు 57 శాతం అవునన్నారు. రెండు చోట్లా హక్కు రాజ్యాంగంలోకి ఎక్కింది. ఫ్లోరిడాలో 2024లోనూ సుమారు 57 శాతమే అవునన్నారు. అక్కడ ఓడిపోయింది. ఆ రాష్ట్రంలో సవరణకు 60 శాతం కావాలి. ఆ 60 శాతం నియమాన్ని 2006లో తెచ్చిన సవరణకు వచ్చిన ఓట్లు మాత్రం 58 శాతం లోపే. ఒహాయోలోనూ అబార్షన్ ఓటింగుకు మూడు నెలల ముందు అలాంటి మెట్టే పెట్టబోయారు, జనం ఒప్పుకోలేదు.

కోర్టుల్లోనూ ఇదే తంతు. నార్త్ డకోటా సుప్రీంకోర్టులో ఐదుగురు న్యాయమూర్తులు. నిషేధ చట్టం అస్పష్టంగా ఉంది, చెల్లదని 2025 నవంబరులో ముగ్గురు అన్నారు. అయినా చట్టమే గెలిచింది. అక్కడ ఒక చట్టాన్ని కొట్టేయాలంటే నలుగురు ఒప్పుకోవాలని రాష్ట్ర రాజ్యాంగం చెబుతుంది.

తల్లి ప్రాణం మీదికొస్తే?

ప్రతి నిషేధంలోనూ తల్లి ప్రాణం కాపాడేందుకు మినహాయింపు ఉంది. చిక్కల్లా అది ఎప్పుడు మొదలవుతుందన్న దగ్గరే. ఉమ్మనీరు ముందే పోయి, శిశువు బతకదని తెలిసి, తల్లికి ఇన్ఫెక్షన్ ఇంకా రాలేదనుకుందాం. అది ముదిరేదాకా ఆగాలా? టెక్సస్‌లో తప్పు చేశాడని తేలితే డాక్టరుకు యావజ్జీవం దాకా జైలు, కనీసం లక్ష డాలర్ల జరిమానా, లైసెన్సు రద్దు. శిక్ష గర్భిణికి కాదు, వైద్యం చేసినవాళ్లకి. అందుకే ఆస్పత్రుల్లో డాక్టరు నిర్ణయానికి ముందు లాయరు సలహా వచ్చి కూర్చుంది. విమర్శలు పెరిగాక, ప్రమాదం ముంచుకొచ్చేదాకా ఆగనక్కర్లేదని 2025లో టెక్సస్ చట్టసభ వివరణ చట్టం తేవాల్సి వచ్చింది.

అత్యవసరంలో రోగిని నిలదొక్కుకునేలా చేసి తీరాలని 1986 నాటి కేంద్ర చట్టం ఒకటి ఆస్పత్రులకు చెబుతోంది. ఐడహో నిషేధంతో దానికి వచ్చిన పేచీ సుప్రీంకోర్టుకు వెళితే, 2024 జూన్‌లో అసలు ప్రశ్న తేల్చకుండానే కేసును వెనక్కి పంపింది. 2025లో కేంద్ర ప్రభుత్వం ఆ దావానే వదులుకుంది.

పక్క రాష్ట్రానికి వెళ్తే? మాత్రలు పోస్టులో తెప్పించుకుంటే?

వెళ్లొచ్చు. రాష్ట్రాల మధ్య ప్రయాణించే హక్కు రాజ్యాంగం ఇచ్చిందేనని డాబ్స్ తీర్పులోనే జస్టిస్ బ్రెట్ కవనా విడిగా రాశారు. జాక్సన్ క్లినిక్ వాళ్లు న్యూ మెక్సికోలోని లాస్ క్రూసెస్‌కు తరలిపోయారు. నార్త్ డకోటాలోని ఫార్గో క్లినిక్ నది దాటి మిన్నెసోటాలోని మూర్‌హెడ్‌కు మారింది.

మాత్రల సంగతి ఇంతకంటే జటిలం. అమెరికాలో సగానికి పైగా అబార్షన్లు ఇప్పుడు మాత్రలతోనే. వాటిలో ఒకటైన మిఫెప్రిస్టోన్‌కు కేంద్ర అనుమతి 2000 నుంచి ఉంది. న్యూయార్క్, మసాచుసెట్స్ లాంటి రాష్ట్రాలు తమ డాక్టర్లు వేరే రాష్ట్రాల వారికి ఫోన్లో చూసి మందు పంపినా వాళ్లకు రక్షణ ఇస్తూ చట్టాలు చేశాయి. లూసియానా 2024 అక్టోబరు నుంచి ఈ మాత్రల్ని మత్తుమందుల తరహా నియంత్రిత జాబితాలో పెట్టింది. 2025 జనవరిలో న్యూయార్క్ డాక్టరొకరి మీద లూసియానాలో నేరారోపణ నమోదైంది. అప్పగించమంటే న్యూయార్క్ గవర్నరు క్యాథీ హోకుల్ ససేమిరా అన్నారు. పారిపోయి వచ్చిన నిందితుణ్ణి అప్పగించాలని రాజ్యాంగం అంటుంది. లూసియానాలో అడుగే పెట్టని డాక్టరు అక్కడినుంచి పారిపోయినట్టు ఎలా అవుతుంది? రెండు రాష్ట్రాల చట్టాలు ఎదురెదురుగా నిలబడ్డ ఈ పీటముడి ఇంకా విడిపోలేదు.

అక్కడున్న తెలుగువారికి ఏ చట్టం?

హెచ్-1బీ అయినా గ్రీన్‌కార్డు అయినా పౌరసత్వమైనా తేడా లేదు. వైద్యం ఏ నేలమీద జరిగితే ఆ రాష్ట్ర చట్టం. మనవాళ్లు ఎక్కువగా ఉన్న డాలస్ శివార్లు దాదాపు సంపూర్ణ నిషేధం కింద, అట్లాంటా ఆరు వారాల కింద ఉన్నాయి. న్యూజెర్సీలో గడువే లేదు. గర్భస్రావమైనప్పుడు వాడే మందులూ, చేసే వైద్యమూ చాలావరకు ఇవే కాబట్టి, బిడ్డ కావాలనుకునే దంపతులకూ ఈ చట్టాలతో పని పడుతుంది. ఉద్యోగం కోసం రాష్ట్రం మారేవాళ్లు స్కూళ్లూ పన్నులూ చూసినట్టే, అక్కడి ఆస్పత్రి అత్యవసరంలో ఏం చేస్తుందో డాక్టరును ముందే అడిగి తెలుసుకోవడం మంచిది.

అయితే ఈ పటం ఎప్పటికి స్థిరపడుతుంది?

ఏ రాష్ట్రం గురించైనా మూడు ప్రశ్నలు వేసుకుంటే చాలావరకు బోధపడుతుంది. రాష్ట్ర రాజ్యాంగంలో పట్టుకోదగ్గ వాక్యం ఉందా? దాన్ని చదివే జడ్జిని ఎవరు కూర్చోబెడతారు? ఆ వాక్యాన్ని మార్చడానికి ఎన్ని ఓట్లు కావాలి? జనం మనసులో ఏముందన్నది ముఖ్యమే గానీ, అది చట్టంగా మారేది ఈ మూడు గడపలు దాటాకే. అందుకే ఒకే 57 శాతం ఒకచోట గెలిచింది, ఇంకోచోట ఓడింది.

గెలుపు కూడా శాశ్వతం కాదని మిజోరి చెబుతోంది. 2024 నవంబరులో అక్కడి జనం సుమారు 52 శాతం ఓట్లతో ఈ హక్కును రాజ్యాంగంలో రాసుకున్నారు. ఏడాది తిరగకముందే దాన్ని తీసేయాలన్న ప్రతిపాదనను చట్టసభ 2026 నవంబరు బ్యాలెట్‌కు ఎక్కించింది. ఫ్లోరిడాలాగా అక్కడ 60 శాతం అక్కర్లేదు. సగం కంటే ఒక్క ఓటు ఎక్కువైతే చాలు, రాయడానికైనా, కొట్టేయడానికైనా.